ఎడమ పక్క ఖాళీ

పోయిన శనివారం ఫ్లాట్ బుష్‌లో మా వీధి చివరి పార్కులో పిల్లలు రగ్బీ ఆడుతున్నారు. గీత బయట నిలబడ్డ ఒకాయన చేతిలోని కాగితం నోటికి అడ్డం పెట్టుకుని పక్కాయనతో ఏదో చెప్పాడు. నేను పాల డబ్బా పట్టుకుని అక్కడే ఆగిపోయాను. మా మనవరాలు చెయ్యి పట్టి లాగుతోంది. "అమ్మమ్మా, కమాన్, ఇట్స్ కోల్డ్" అంటోంది. చలేమీ లేదు. దానికి ఇంటికెళ్ళి టీవీ చూడాలి.

అలా నోటికి కాగితం అడ్డం పెట్టుకుని మాట్లాడే మనిషిని నేను అంతకు ముందు ఒక్కరినే చూశాను. ఆయన అడ్డం పెట్టుకునేది భోజనాల మెనూ కార్డు. అడిగేది రెండో కప్పు కస్టర్డు.

"అరవై నాలుగూ, ఇటు రా. ఎవరూ వినడం లేదు కదా?"

"లేదు కోచ్."

"ఇంకో కప్పు. పసుపురంగుది. వాళ్ళకి తెలియనివ్వకు."

వాళ్ళంటే ఎదురు టేబులు దగ్గర కూచునే ముగ్గురు ముసలమ్మలు. వాళ్ళకి చెవులు వినపడవు. అయినా కార్డు నోటి మీంచి తీసేవారు కాదు. ఆయన అమెరికాలో కాలేజీ పిల్లలకి ఫుట్‌బాల్ నేర్పించారు. కాలితో తన్నే బంతాట కాదు. కోడిగుడ్డు ఆకారం బంతిని చంకలో ఇరికించుకుని పరుగెత్తే ఆట, తలకి చట్రం ఉన్న టోపీ పెట్టుకుని ఒకర్నొకరు గుద్దుకునే ఆట. అవతలి జట్టువాళ్ళు దుర్భిణీ పెట్టి కోచ్ పెదాలు చూసి మాటలు పట్టేస్తారట. అందుకని కాగితం అడ్డం. ఆట మానేసి ఇరవై ఏళ్ళయినా చెయ్యి ఆ అలవాటు మానలేదు.

నేను మా పక్క పేట బోటనీ డౌన్స్‌లో ముసలివాళ్ళు ఉండే ఒక హోములో గదులు శుభ్రం చేసేదాన్ని. మా అమ్మాయి అక్కడే నర్సు. మాది నరసాపురం పక్క పల్లె. ఊహ తెలిసినప్పటి నుంచి లేసు అల్లాను. చదువు లేదు. ఆయన మాట్లాడేది ఇంగ్లీషే. మొదట్లో సగం అర్థమయ్యేది, మిగతాది మా అమ్మాయి చెప్పేది. ఇక్కడ నాకు అర్థమైన మాటల్లో రాస్తున్నాను.

ఆయన ఎవరినీ పేరు పెట్టి పిలిచేవారు కాదు. చొక్కా మీద వేసుకునే నంబరు ఒకటి ఇచ్చేవారు. మా అమ్మాయి పదిహేడు. సూపర్‌వైజరు ఇరవై రెండు. నేను అరవై నాలుగు. నాకప్పటికి యాభై ఎనిమిదే. వయసు ఎక్కువ చేసి చెబుతున్నారని మొదట నొచ్చుకున్నాను. మా అమ్మాయి అడిగి వచ్చింది.

"నీ వయసు కాదే అమ్మా. ఆ నంబరు వాళ్ళు ముందు వరసలో వంగి నిలబడతారంట. బంతి ముట్టుకోరంట. వాళ్ళ పేరు ఎవరికీ గుర్తుండదంట. కానీ వాళ్ళు లేకపోతే ఆటే లేదంట."

"మెచ్చుకున్నట్టా, తిట్టినట్టా?"

"బాత్రూములు కడిగేవాళ్ళని ఎవరైనా అంతకంటే ఎక్కువ మెచ్చుకుంటారా చెప్పు."

ఆయన మెడలో ఎప్పుడూ ఒక ఈల వేలాడేది. లోపలి గింజ ఎప్పుడో పోయింది. ఊదితే ఉత్త గాలి వచ్చేది. వరండాలో నడిచేటప్పుడు గోడవారగా, కార్పెట్ అంచు వెంబడే నడిచేవారు. ఆ అంచు దాటి మధ్యలో అడుగు వేయరు. మైదానం పిల్లలది, కోచ్ గీత బయటే ఉండాలి అనేవారు. ఎవరైనా టీ ఒలకబోసుకుంటే "తర్వాతి ఆట" అనేవారు. అయిందేదో అయింది, తర్వాతి ఆట చూడండి అని. పదకొండో గది ఆవిడ చనిపోయి స్ట్రెచరు మీద తీసుకెళ్తుంటే తలుపు దగ్గర నిలబడి, టోపీ తీసి, మెల్లగా అదే మాట అన్నారు. వేరేవాళ్ళు అంటే కోపం వచ్చేదేమో. ఆయన అంటే ఎవరికీ రాలేదు.

తొమ్మిది ఊళ్ళు మారారట. ఆ కథ గెలుపులు చెప్పుకుంటూ కాదు, కర్టెన్లు చెప్పుకుంటూ చెప్పేవారు. ఒక ఊళ్ళో మా ఆవిడ ఆకుపచ్చ కర్టెన్లు కుట్టింది. రెండేళ్ళు ఓడాం, పొమ్మన్నారు. తర్వాతి ఇంటి కిటికీలకి అవి పొట్టి అయిపోయాయి. మళ్ళీ నీలం కుట్టింది. ఒక పెద్ద కాలేజీ ఉన్న ఊళ్ళో వరసగా ఐదు ఆటలు ఓడాక, పొద్దున్న లేచి చూస్తే ఇంటి ముందు గడ్డి నిండా 'ఇల్లు అమ్మబడును' అని బోర్డులు పాతి ఉన్నాయట. ఎవరు పాతారో తెలీదు. ఊరే పాతింది. ఆయన కూతురికి అప్పుడు పదేళ్ళు. ఆ బోర్డులన్నీ ఏరి వెనక పెరట్లో బొమ్మల ఇల్లు కట్టుకుంది.

"మంచి ఇల్లు కట్టింది" అన్నారు. "మేం ఆ ఊళ్ళో ఉన్న ఇళ్ళలో అదొక్కటే మాది."

ఆ కూతురే పెద్దయ్యాక ఇక్కడి అతన్ని పెళ్ళి చేసుకుని హామిల్టన్ దగ్గర రోటోటూనాలో ఉంటోంది. తల్లి పోయాక ఆయన్ని అమెరికా నుంచి ఇక్కడికి తెచ్చుకుంది. మతిమరుపు ముదిరాక హోములో పెట్టింది. రెండు వారాలకొకసారి కారు నడుపుకుంటూ వచ్చేది.

ప్రతి గదిలో గోడకి ఒక తెల్లబోర్డు ఉంటుంది. పైన ఆ రోజు వారం, తేదీ, నర్సు పేరు రాస్తారు. ఆయన గదిలో కింద సగం ఆయనది. రోజూ నేను వెళ్ళే వేళకి జేబురుమాలుతో నిన్నటి బొమ్మ తుడిచి, మళ్ళీ అదే బొమ్మ వేస్తూ ఉండేవారు. పదకొండు సున్నాలు, పదకొండు ఇంటూ గుర్తులు, వాటి నుంచి బయల్దేరే బాణాలు. నేను బాత్రూం కడిగి వచ్చేసరికి అయిపోయేది. వెనక్కి జరిగి చూసి, తల ఊపి, పెన్ను మూత పెట్టేవారు. మా పల్లెలో పొద్దున్నే మోకరించే పెద్దవాళ్ళు గుర్తొచ్చేవారు.

"రోజూ ఒకటే ఎందుకు కోచ్?" అని ఒకసారి అడిగాను.

"మర్చిపోకూడదు" అన్నారు. "అన్నీ పోతున్నాయి. మా ఆవిడ ముఖం పోయింది. ఇది పోకూడదు. ఇది నా దగ్గరే ఉండాలి."

"మంచి ఆటా?"

"గెలిచాం" అన్నారు. ఆ మాట అన్న తీరుకి ఇంకేం అడగబుద్ధి కాలేదు.

ఆదివారాలు వేరుగా ఉండేవి. అమెరికాలో శనివారం సాయంత్రం ఆడే ఆటలు ఇక్కడ మనకి ఆదివారం పొద్దున టీవీలో వస్తాయి. మా తెలుగు ప్రార్థన మధ్యాహ్నం, మేం అద్దెకి తీసుకునే స్కూలు హాలు ఖాళీ అయ్యాక. అందుకని పొద్దున పూట నేను పనికి వచ్చేదాన్ని. ఆయన టీవీ ముందు నిలబడే ఉండేవారు. ఆట జరుగుతుంటే కూచోకూడదు. ఎడమ చేతికి అమెరికా టైము ఉన్న గడియారం. ఆదివారాల్లోనే తికమక ఎక్కువయ్యేది.

"అరవై నాలుగూ, ఫోన్ తే. ఇక్కడ ఆదివారం. అక్కడ ఇంకా నిన్నే. ఇంకా ఆట మొదలవలేదు. వాణ్ణి ఉండమని చెప్పాలి."

"ఎవర్ని కోచ్?"

"వాణ్ణి. వాడు ఉంటే చాలు."

నా ఫోన్ చేతికిస్తే చెవి దగ్గర పెట్టుకుని, నోటికి మెనూ కార్డు అడ్డం పెట్టుకుని, ఎవరికో చాలాసేపు చెప్పేవారు. నేను ఏ నంబరూ నొక్కేదాన్ని కాదు. మా అమ్మాయిని అడిగితే "పాత ఆటలేవో కలవరిస్తున్నారమ్మా, ఊఁ కొట్టు" అంది. ఊఁ కొట్టేదాన్ని.

కొన్నాళ్ళకి చెయ్యి మొరాయించింది. ఒక బాణం వేయడానికి అరగంట పట్టేది. ఒకరోజు చూస్తే బొమ్మ పైన ఎర్ర టేపు అంటించి ఉంది, దాని మీద ఏవో అక్షరాలు. ఆయన మళ్ళీ వేయలేకపోతున్నారని, ఉన్నదాన్ని అలాగే ఉంచమని కూతురు రాసి పెట్టి వెళ్ళిందని నాకు తర్వాత తెలిసింది. తుడవొద్దు అని. అందరూ చదివారు. నేను చూశాను.

ఆ వారంలో తనిఖీవాళ్ళు వస్తున్నారని హడావుడి. ఏ మూలా మరక ఉండకూడదని సూపర్‌వైజరు మూడుసార్లు చెప్పింది. ఆయన స్నానానికి వెళ్ళారు. బొమ్మ చొక్కా చేతులు తగిలి మసకబారి ఉంది. ఎలాగూ రోజూ తుడిచి వేసుకునేదే కదా, శుభ్రంగా తుడిచి ఉంచితే హాయిగా వేసుకుంటారు అనుకున్నాను. చదువు రానిదానికి అక్షరాలంటే భయం. అందుకని టేపు ముట్టుకోలేదు. దాని కిందంతా మందు కొట్టి అద్దంలా తుడిచాను.

ఆయన వచ్చి బోర్డు ముందు నిలబడ్డారు. పెన్ను తీసి ఒక సున్నా వేశారు. ఆగారు. ఇంకో సున్నా వేయబోయి చెయ్యి గాల్లోనే ఉంచేశారు. కోపం చేసుకుని ఉంటే బాగుండేది. ఆ రోజు తర్వాతి ఆట అనలేదు. కుర్చీలో కూచుని మెనూ కార్డు నోటికి అడ్డం పెట్టుకున్నారు. దాని వెనక మాటేమీ లేదు.

రెండు రోజులు అన్నం ముట్టలేదు. మా అమ్మాయికి చెప్పాను.

"ఎర్రగా అంత పెద్దగా రాసుంది కదమ్మా."

"నాకేం తెలుసే."

అది తలుపు దగ్గరికి వేసింది. "ఎవరికీ చెప్పకు. వాళ్ళమ్మాయికి తెలిస్తే కంప్లెయింట్ ఇచ్చేస్తది. నీ ఉద్యోగం పోద్ది, నా మాట కూడా పోద్ది ఇక్కడ."

అందుకని ఆయన కూతురికి ఫోన్ చేయలేదు. చేసి ఉంటే ఆవిడ ఫోన్లో ఆ బొమ్మ ఫోటో ఉందన్న సంగతి అప్పుడే తెలిసేది.

మూడో రోజు ఆయన భోజనాల గదిలో ఉన్నప్పుడు నేనే పెన్ను తీసుకున్నాను. లేసు అల్లేవాళ్ళకి కాగితం మీద డిజైను ఉండదు. ఒకసారి చూస్తే కంట్లో ఉండిపోతుంది. నెలల తరబడి రోజూ చూసిన బొమ్మ. ముందు వరస ముడులు పడ్డట్టు పడింది. మధ్యలో బంతి విసిరే కుర్రాడి సున్నా. వాడికి కుడి పక్కన కాపలాగా ఇంకొకటి. ఎడమ పక్కకి వచ్చేసరికి కొంచెం తడబడ్డాను. కానీ చెయ్యి ఆగలేదు. కుడి పక్క పువ్వు ఉంటే ఎడమ పక్క పువ్వు ఉండాలి. నలభై ఏళ్ళు అలా అల్లిన చెయ్యి. ఎడమ పక్క కూడా ఒక సున్నా పెట్టాను. లెక్క చూసుకున్నాను. ఇవి పదకొండు, అవి పదకొండు. సరిపోయింది. దేవుడికి స్తోత్రం చెప్పుకున్నాను.

ఆయన వచ్చి చాలాసేపు చూశారు. దగ్గరికి వెళ్ళి ఎడమ పక్క సున్నా మీద వేలు పెట్టారు.

"వాడు ఉన్నాడు" అన్నారు.

బొమ్మ దొరికినందుకు సంతోషపడుతున్నారు అనుకున్నాను.

"ఉన్నాడు కోచ్."

"వెళ్ళిపోలేదా?"

"ఎక్కడికీ వెళ్ళలేదు."

నా వైపు తిరిగారు. ఆ కళ్ళు అంత తేటగా ఎప్పుడూ చూడలేదు. ఆ సాయంత్రం కార్డు అడ్డం లేకుండానే కస్టర్డు అడిగారు. ఆ తర్వాత మళ్ళీ బొమ్మ వేయలేదు. ఆదివారాలు ఫోన్ అడగలేదు. టీవీ ముందు కుర్చీలో కూచుని చూసేవారు. మనిషి కుదుటపడ్డాడని హోములో అందరూ అన్నారు. నాకు మాత్రం నిలబడి చూసే మనిషి కూచోవడం ఎందుకో బాగుండేది కాదు.

ఆ ఎర్ర టేపు సిగ్గుకి నేను అక్షరాలు మొదలుపెట్టాను. మా అమ్మాయి పాత డ్యూటీ కాగితాల వెనక దిద్దించింది. ముందు తెలుగు, తర్వాత ఇంగ్లీషు.

ఏడాదిన్నర తర్వాత, చలికాలంలో, నిద్రలోనే పోయారు. స్ట్రెచరు వెళ్తుంటే ఆయన మాట ఎవరైనా అంటారేమో అని చూశాను. ఎవరూ అనలేదు. నేనూ అనలేకపోయాను.

రెండు నెలలకి ఆయన కూతురు మమ్మల్ని రోటోటూనా రమ్మంది. మా అమ్మాయి డ్రైవ్ చేసింది. టీ ఇచ్చి, నేను లేసు అల్లుతానని విన్నానని, నాన్న గుర్తుగా ఒకటి చేసిపెట్టమని అడిగింది. ఫోన్లో ఫోటో చూపించింది. ఆయన చేత్తో వేసిన బొమ్మ. పైన టేపు. ఈసారి అక్షరాలు చదివాను. తర్వాత కిందికి చూశాను. ఎడమ పక్క ఖాళీగా ఉంది. అక్కడ ఉండాల్సిన సున్నా దూరంగా, మైదానం చివర, పొడవైన బాణం కొసన ఉంది.

"ఇక్కడ ఖాళీ ఏంటమ్మా?" అని అడిగాను.

ఆవిడ చెప్పింది. బంతి విసిరే కుర్రాడు కుడి చేత్తో విసరబోతుంటే అతనికి ఎడమ పక్క చూపు ఆనదు. అక్కడ కాపలా ఒకడు ఉండి తీరాలి. ఆఖరి నిమిషంలో కోచ్ ఆ కాపలావాణ్ణి దూరంగా పరుగెత్తించారు, అవతలివాళ్ళు ఊహించకూడదని. వద్దని పక్కవాళ్ళు అన్నారు. ఆయన వినలేదు. కుర్రాడు బంతి విసిరాడు, గెలిచారు. విసిరిన క్షణంలోనే ఎడమ నుంచి వచ్చి గుద్దారు. మెడ దగ్గర ఎముక విరిగింది. అతను మళ్ళీ నడవలేదు. ఆ రాత్రి జనం కోచ్‌ని భుజాల మీద మోశారు. ఆ గెలుపు చూసే పెద్ద కాలేజీ ఆయన్ని పిలిచింది.

"అతను ఏటా ఆ ఆట రోజున నాన్నకి ఫోన్ చేస్తాడు" అంది. "నాన్న మొదటి మాట ఎప్పుడూ ఒకటే. అది నా నిర్ణయం, తప్పు నాది అని. తర్వాత ఇద్దరూ వాతావరణం గురించి మాట్లాడుకునేవాళ్ళు. కిందటేడు ఫోన్ చేస్తే నాన్న, కాళ్ళు ఎలా ఉన్నాయిరా, రోజూ పరుగెత్తుతున్నావా అని అడిగాడట."

"అతనేమన్నాడు?" అంది మా అమ్మాయి.

"బాగానే పరుగెత్తుతున్నా కోచ్ అన్నాడట. తర్వాత నాకు ఫోన్ చేశాడు. ముప్ఫై ఏళ్ళుగా తప్పు నాది అనే ఆ ఒక్క మాట కోసమే ఫోన్ చేస్తున్నానండి అన్నాడు. అది అన్న మనిషి ఆయనొక్కడే అన్నాడు. నాన్న ఎలా మర్చిపోయాడో నాకు అర్థం కాలేదు. మిగతావన్నీ పోయినా అది పోదనుకున్నా. ఎవరో నాన్నకి చెప్పారట, ఎడమ పక్క వాడు ఎక్కడికీ వెళ్ళలేదని."

మా అమ్మాయి బల్ల కింద నా చెయ్యి నొక్కింది. వద్దని. నేను చెయ్యి తీసేసుకున్నాను.

అంతా చెప్పాను. తుడిచింది, దాచింది, మళ్ళీ వేసింది, ఉన్నాడని అన్నది. మా అమ్మాయి తల వంచుకుని ఇంగ్లీషులోకి మార్చింది. ఆవిడ లేచింది. కప్పులు సింకులో పెట్టి వచ్చి అంది.

"నాన్నకి మీరు మేలే చేశారేమో. అతనికి ఏం చేశారో నాకు తెలీదు."

వచ్చేటప్పుడు నేనే అతని అడ్రసు అడిగాను. లేసు సంగతి ఆవిడ మళ్ళీ ఎత్తలేదు, నేనూ ఎత్తలేదు.

ఉత్తరం రాయడానికి రెండు వారాలు పట్టింది. నేను రాసిన మొదటి ఉత్తరం అది. మా అమ్మాయి సరిచేస్తానంటే ఇవ్వలేదు. నేను ఆ గదులు శుభ్రం చేసే మనిషిని. కోచ్ గారు మీ సంగతి మర్చిపోలేదు. మర్చిపోకూడదని రోజూ బోర్డు మీద వేసుకునేవారు. దాన్ని తుడిచేసింది నేను. తప్పుగా వేసింది నేను. అది ఆయన నిర్ణయం, తప్పు తనదే అని ఆయన చెయ్యి పనిచేసినన్నాళ్ళూ చెప్పారు, నేను చూశాను. ఇంతే రాశాను. కింద అసలు బొమ్మ వేశాను. ఎడమ పక్కకి వచ్చేసరికి చెయ్యి మళ్ళీ దానంతట అదే కదిలింది. రెండో చేత్తో పట్టుకుని ఆపాను. ఖాళీని ఖాళీగా వదిలేశాను.

పంపి ఏడు వారాలైంది. జవాబు లేదు. ఆదివారం ఇక్కడ ఉత్తరాలు రావు. ఆ సంగతి తెలిసినా ప్రార్థనకి వెళ్ళేముందు గేటు దగ్గర పెట్టె తెరిచి చూస్తాను. ఏమీ ఉండదు. అక్కడ ఇంకా నిన్నే కదా అనుకుని మూత వేస్తాను.